బాగపటియాలో భోజనం

ఒడిశాలో భితర్‌కనికా మడ అడవుల్లో మొసళ్లు చూద్దామని కదా వెళ్లాను, పడవవాడు చెప్పిన రేటుకి ఆ ముచ్చట అక్కడే తీరిపోయింది. కటక్ నుంచి పడ్డ బస్సు ప్రయాణమంతా వృథా అనుకుంటూ గుప్తీలో టీ తాగుతుంటే, పటాముండై బస్సులో నా పక్కన కూర్చున్న కుర్రాడు మళ్లీ కనిపించాడు. ప్లంబరు. "మియాపూర్ అపార్ట్‌మెంట్లల్ల పైపులు ఏస్త సార్. మా ఇంటికి రాండ్రి, తిని పోదురు" అన్నాడు. కేంద్రపడా జిల్లావాళ్లు ప్లంబింగ్ పనికి దేశమంతా తిరుగుతారని తెలుసుగానీ, ఇక్కడ తెలంగాణ యాస వినిపిస్తుందని అనుకోలేదు.

వాళ్లది సతభయా. సముద్రం ఊరిని కోసుకుపోతుంటే 2018లో 571 కుటుంబాలను ఇక్కడికి, బాగపటియాకి తెచ్చారు. ఇంటికి పది డెసిమళ్ల స్థలం, అంటే మన పది సెంట్లు, కట్టుకోవడానికి లక్షన్నర. సాగుకి మాత్రం సెంటు భూమి లేదు. ఉప్పాడ దగ్గర మావాళ్లు ఇళ్లు పోయినా వలలు వదల్లేదు. ఇక్కడేమో గహీర్‌మఠా తీరంలో సముద్రపు తాబేళ్ల కోసం నవంబరు నుంచి మే దాకా వేట బంద్. వీధిలో ఆడవాళ్లు, పిల్లలు, ముసలివాళ్లు తప్ప వయసులో ఉన్న మగాడు ఒక్కడు కనబడితే ఒట్టు.

"ఊరు మునుగుతున్నప్పుడు మాకు పిల్లనెవ్వలు ఇయ్యలే సార్. ఈడికొచ్చినంక పెండ్లయింది. ఆమె ఈడ, నేనాడ" అన్నాడు.

వాళ్లమ్మ పఖాళ పెట్టింది, కాల్చిన ఎండుచేప, పచ్చి ఉల్లిపాయతో. మన చద్దన్నమే అనుకోండి, ఆ ఎండకి అమృతం. పంచుబరాహి గుడి కబుర్లు చెప్పింది. ఆ అమ్మవార్లకి పూజారులు పెళ్లయిన ఆడవాళ్లే, మగాళ్లు విగ్రహాలు ముట్టకూడదు. గుడిని ఇక్కడికి మార్చినప్పుడు మాత్రం ఒక్కోటి టన్నున్నర బరువని మగాళ్లే ఎత్తాల్సి వచ్చిందట. అది చెబుతూ ఆవిడ ఇంకా నొచ్చుకుంటూనే ఉంది.

చెయ్యి కడుక్కుంటుంటే ఆవిడ ఏదో అడిగింది. మియాపూర్‌లో ఒక గది అద్దె ఎంతుంటుందని. కోడలు గుమ్మం దగ్గరికొచ్చి నిలబడింది. ఆరు వేలకి దొరకొచ్చన్నాను. కుర్రాడు వాళ్లకి "దశ హజార" అని చెప్పాడు. ఒడియా అంకెలు నాకు అర్థమవుతాయని అనుకోలేదు పాపం.