టేలర్ వాగులో పాత నౌక

సిన్సినాటిలో ఆరేళ్లుగా ఉంటున్నాను. ఊరికి పాతిక మైళ్ల దూరంలో యుద్ధాలకు వెళ్లివచ్చిన నౌక ఒకటి వాగులో పడి ఉందని నాకు చెప్పింది మాత్రం సెలవులకు వచ్చిన మా బావమరిది. ఫోనులో ఫొటో చూపించి "బావా, ఇక్కడికి వెళ్దాం" అన్నాడు. సముద్రం వందల మైళ్ల అవతల ఉంటే ఇక్కడికి నౌక ఎలా వచ్చిందిరా అని నవ్వాను.

శనివారం పొద్దున్నే ఇండియానా ఒడ్డున లారెన్స్‌బర్గ్ దగ్గర రెండు కయాక్ పడవలు ఒహాయో నదిలోకి దింపాం. ముందు రోజు వానకు నీళ్లు టీ రంగులో ఉన్నాయి. అవతలి ఒడ్డు కెంటకీ. అక్కడ టేలర్ వాగు నదిలో కలిసేచోట బోర్డు ఏమీ లేదు. చెట్ల మధ్య సందు కనిపిస్తుంది, అంతే. లోపలికి కాసేపు తెడ్డు వేశామో లేదో, కొమ్మల్లోంచి ఎర్రగా తుప్పుపట్టిన ఓడ ముక్కు మా నెత్తిమీదికి వచ్చింది.

పొడవు 186 అడుగులు. 1902లో డెలవేర్ రాష్ట్రంలోని విల్మింగ్టన్‌లో, రైల్వేల్లో గడించిన జె. రోజర్స్ మాక్స్‌వెల్ అనే ధనికుడి కోసం కట్టిన ఆవిరి విహారనౌక ఇది. మొదటి పేరు సెల్ట్. చేతులు మారాక సాచెమ్ అయింది. 1917లో అమెరికా మొదటి ప్రపంచ యుద్ధంలోకి దిగినప్పుడు రేవులను కాపలా కాయడానికి నౌకాదళం దగ్గర చిన్న ఓడలు చాలలేదు. దాంతో ధనికుల విహారనౌకలను తీసుకుని గస్తీకి పెట్టింది. వాటిలో ఇదొకటి, నౌకాదళం నంబరు ఎస్‌పి-192.

"ఎన్ని జలాంతర్గాములను ముంచింది బావా?"

నేను చదివినంతలో ఒక్కటీ లేదు. వాడి ముఖం చిన్నబోయింది. నాకు మాత్రం ఆసక్తి అక్కడే మొదలైంది. థామస్ ఎడిసన్ డెబ్బై ఏళ్ల వయసులో ప్రయోగాలు చేసింది ఈ నౌక మీదే. శత్రు జలాంతర్గామిని ముందే పసిగట్టడం ఎలా అన్నది ఆయన ధ్యాస. ఆ యుద్ధకాలంలో నలభైకి పైగా ఉపాయాలు ఇచ్చానని, నౌకాదళం అన్నింటినీ సొరుగులో పడేసిందని ఆయన తరవాత బాహాటంగానే విసుక్కున్నాడు. బల్బు ఇచ్చిన మనిషికే ఆ గతి పట్టిందంటే, ఆఫీసులో నా సలహాలు ఏమవుతున్నాయని బాధపడడం మానేయవచ్చు.

1919లో ఓడను యజమానికి తిరిగి ఇచ్చేశారు. 1930ల ఆర్థిక మాంద్యం రోజుల్లో రెండు డాలర్లు తీసుకుని జనాన్ని చేపల వేటకు తిప్పింది. 1942లో జర్మన్ జలాంతర్గాములు అమెరికా తీరం వెంటే ఓడలను ముంచుతుంటే నౌకాదళం మళ్లీ వచ్చి, ఈసారి 65,000 డాలర్లు పెట్టి కొనేసింది. అప్పట్లో గస్తీ విహారనౌకలకు రత్నాల పేర్లు పెట్టేవారు: జేడ్, టర్కాయిస్, రూబీ. దీనికి ఫెనకైట్ దక్కింది. చూడటానికి స్ఫటికంలా ఉండే రాయి. ఆ పేరుకు మూలమైన గ్రీకు మాటకు అర్థం మోసగాడు అని. విహారనౌక ముసుగులో గస్తీ తిరిగేదానికి అంత తగిన పేరు ఎవరైనా తెలిసి పెట్టారా, జాబితాలో తరవాతి రాయి అదే అయిందా! ఫ్లోరిడా దక్షిణ కొసన దీవుల దగ్గర గస్తీ తిరిగింది. చివర్లో దీని మీద సోనార్ పరికరాలను, అంటే నీళ్ల కింద ఉన్నదాన్ని శబ్దంతో పసిగట్టేవాటిని, పరీక్షించారు. ఎడిసన్ నాటి వెతుకులాటే మళ్లీ.

యుద్ధం ముగిశాక న్యూయార్క్‌లో సర్కిల్ లైన్ వారి పర్యాటక నౌకగా మన్‌హాటన్ చుట్టూ తిరిగింది. 1986లో ఈ ప్రాంతం మనిషి ఒకరు 7,500 డాలర్లకు కొని, మహా సరస్సులు, మిసిసిపీ మీదుగా ఇక్కడిదాకా నడిపించుకు వచ్చాడు. ఇక కదల్లేదు.

తుపాకి ఎక్కడ బిగించారో వెతికాం. కిటికీల చోట కన్నాలు, పైఅంతస్తులో మొలిచిన చెట్లు, అంతటా పిచ్చిరాతలు. ఎక్కుతానని వాడు పట్టుపట్టాడు. ఆ స్థలం ఎవరిదో సొంతం, రేకులు చూస్తే అప్పడాల్లా ఉన్నాయి. వద్దన్నాను. అలిగి తెడ్డుతో ఓడ పక్కన ఒకసారి కొట్టాడు. లోపలెక్కడో ఖాళీ డ్రమ్ములా మోగింది. కొంగ ఒకటి లేచిపోయింది.

తిరిగి నదిలోకి వచ్చేముందు వాగు మొగలో ఆగాం. ఇంజను మోత వినిపిస్తోంది, చెట్లు అడ్డుగా ఉండి ఏమీ కనిపించలేదు. చాలాసేపటికి బొగ్గు బార్జీల వరస మెల్లగా మా ముందు నుంచి వెళ్లింది. దాని అలలు సద్దుమణిగేదాకా కొమ్మ పట్టుకుని కూర్చున్నాం.