పేటర్సన్ తీర్పు

న్యూజెర్సీలో ఉండేవాళ్లు ఇండియా నుంచి ఎవరొచ్చినా పేటర్సన్ ఊళ్లో జలపాతం చూపిస్తారు. ప్యాసాయిక్ నది 77 అడుగుల ఎత్తు నుంచి పడుతుంది. అంత దూరం డ్రైవ్ చేసే ఓపిక లేనప్పుడు అదే మా నయాగరా. ఆ ఊరి పేరు ఎవరిదని మాత్రం ఎవరూ అడగరు. నాలుగో క్లాసు చదివే మా అబ్బాయి స్కూల్ ప్రాజెక్టుకి ఆయన్నే ఎంచుకున్నాడు. వేషం కట్టి, నిమిషంలో "నేను విలియం పేటర్సన్‌ని" అంటూ తన కథ చెప్పాలి. అందరూ థామస్ ఎడిసన్ కోసం ఎగబడుతుంటే ఈయనెందుకురా అంటే, "పొట్టివాడట మమ్మీ" అన్నాడు. క్లాసులో అందరికన్నా పొట్టి మావాడే.

పేటర్సన్ 1745లో ఐర్లాండ్‌లో పుట్టి, రెండేళ్లవాడిగా ఇక్కడ ఓడ దిగాడు. మావాడు విమానం దిగిందీ ఆ వయసులోనే. తండ్రి ప్రిన్స్‌టన్‌లో కొట్టు పెట్టుకున్నాడు. ఆ ఊరికే కాలేజీ రావడం కలిసొచ్చింది. పిల్లాడు 1763లో డిగ్రీ పూర్తి చేసి, రిచర్డ్ స్టాక్టన్ దగ్గర లా నేర్చుకున్నాడు. ఆపైన అటార్నీ జనరల్, సెనేటర్, గవర్నర్, 1793 నుంచి సుప్రీంకోర్టు జడ్జి. పెళ్లిళ్ల పేరయ్య చేతికిచ్చే బయోడేటాలా ఉంటుంది ఆయన జీవితం.

1787లో రాజ్యాంగం రాస్తున్నప్పుడు, జనాభాని బట్టి సీట్లంటే వర్జీనియా లాంటి పెద్ద రాష్ట్రాలు మమ్మల్ని మింగేస్తాయని అడ్డం తిరిగింది ఈయనే. రాష్ట్రాలన్నిటికీ సమానంగా ఓటుండాలన్న ఆయన ప్లాన్ ఓడిపోయింది కానీ, ఆ పట్టుదల వల్లే ఇవాళ్టికీ సెనేట్‌లో ప్రతి రాష్ట్రానికీ రెండే సీట్లు. వీడియో కాల్‌లో ఇది విని తెనాలిలో ఉన్న మా నాన్న లేచి కూర్చున్నారు. నియోజకవర్గాల పునర్విభజన వార్తలు ఆయనకి రోజూ కాఫీతోపాటు ఉండాల్సిందే. "మన రాజ్యసభలో ఆంధ్రాకి 11, తెలంగాణకి 7, యూపీకి 31! మనకీ ఓ పేటర్సన్ ఉండాల్సిందమ్మా" అన్నారు.

అసలు పేచీ మాథ్యూ లయన్ దగ్గర వచ్చింది. ఆయనా ఐర్లాండ్‌వాడే. కాకపోతే కుర్రాడిగా వెట్టి ఒప్పందం మీద వచ్చి, చాకిరీ చేసి, వర్మాంట్ నుంచి కాంగ్రెస్‌కి గెలిచాడు. 1798లో నిండు సభలో ఇంకో సభ్యుడి మొహాన ఉమ్మేశాడు. ఆయన కర్రతో వచ్చి కొడితే, ఈయన పొయ్యి దగ్గరి పటకారు అందుకున్నాడు. మావాడు ఆ పేజీ వదిలితే ఒట్టు. అదే ఏడాది ప్రెసిడెంట్ ఆడమ్స్‌ని విమర్శించినందుకు లయన్ మీద దేశద్రోహపు రాతల కేసు పెట్టారు. విచారించిన జడ్జి పేటర్సన్. ఆ చట్టం రాజ్యాంగానికి సరిపోతుందా లేదా అన్నది మీరు చూడక్కర్లేదని జ్యూరీకి చెప్పి, నాలుగు నెలల జైలు, వెయ్యి డాలర్ల జరిమానా వేశాడు.

ఆ వేసవిలోనే పౌరసత్వానికి ఉండాల్సిన గడువుని 5 ఏళ్ల నుంచి 14 ఏళ్లకి పెంచారు. గ్రీన్‌కార్డు క్యూలో ఉన్నవాళ్లకి ఆ టెన్షన్ వేరే చెప్పాలా? 21 నిండేలోపు మా కార్డు రాకపోతే మావాడు సొంత వీసా వెతుక్కోవాలి.

"పిల్లాడి ప్రాజెక్టుకి ఇవన్నీ ఎందుకు, సెనేట్ కథ చాలదా" అన్నారు మావారు. నేను ఒప్పుకోలేదు. ముందొచ్చి స్థిరపడ్డవాడు వెనకొచ్చినవాడికి శిక్ష వెయ్యడం ఈ దేశంలో మొదటినుంచీ ఉంది, మన వాట్సాప్ గ్రూపుల్లో ఇప్పుడూ చూస్తున్నాం. మావాడికి అది కూడా తెలియాలి. వాడు రెండు వాక్యాలు రాసుకున్నాడు: "నేను ఐర్లాండ్‌లో పుట్టాను. ఐర్లాండ్‌లో పుట్టిన ఇంకొకాయన్ని జైలుకి పంపాను."

మా నాన్నకి నచ్చలేదు. ప్లీడరు గుమాస్తాగా చేసి రిటైరయ్యారు, జడ్జిని అంటే ఊరుకోరు. "కుర్చీలో కూచున్నవాడు చట్టం చూడాలా, మావూరివాడని చూడాలా? ఆ చట్టం చేసింది ఆయన కాదుగా!"

"మాట్లాడే హక్కు సవరణ 1789లో సెనేట్‌కి వచ్చినప్పుడు ఆయన సెనేటరే తాతయ్యా" అన్నాడు వీడు.

నాన్న కాసేపు ఏం మాట్లాడలేదు. లయన్ జైల్లోంచే మళ్లీ ఎన్నికల్లో గెలిచాడని, 1840లో ఆ జరిమానాని కాంగ్రెస్ ఆయన వారసులకి తిరిగిచ్చిందని నేను చెప్పాను.

"వడ్డీతోనా?" అన్నారు.

వడ్డీతోనే.