డెబ్బై ఏడేళ్ల వయసులో కేటీ జాన్సన్

మొన్న నల్గొండలో, బయట ఎండ మండుతున్న ఒక మధ్యాహ్నం, 1955 నాటి బ్రిటిష్ చిత్రం ‘ది లేడీకిల్లర్స్’ చూశాను. దొంగల ముఠాకు నాయకుడిగా అలెక్ గిన్నెస్, ముఠాలో ఒకడిగా పీటర్ సెల్లర్స్ నటించారు. అయినా నా మనసులో నిలిచిపోయింది మాత్రం వాళ్లకు గది అద్దెకిచ్చిన వృద్ధురాలు మిసెస్ విల్బర్‌ఫోర్స్, ఆ పాత్ర ధరించిన కేటీ జాన్సన్.

ఆమె 1878లో పుట్టారు. 1894లో నాటకరంగంలో అడుగుపెట్టి, యాభై దాటాక 1932లో సినిమాలకు వచ్చారు. రెండో ప్రపంచ యుద్ధానికి ముందూ తరువాతా ఆమెకు దక్కినవి దాదాపు అన్నీ చిన్న వేషాలే. ఈ పాత్రకు కూడా ఆమె మరీ బలహీనంగా ఉన్నారని నిర్మాతలు ముందు వేరొక నటిని, వయసులో చిన్నామెను, ఎంచుకున్నారనీ, చిత్రీకరణకు ముందే ఆ నటి మరణించడంతో అవకాశం తిరిగి ఈమె దగ్గరికి వచ్చిందనీ చెబుతారు.

నేను చాలాకాలం ఒక మండల కార్యాలయంలో పనిచేశాను. పింఛను కాగితాలు గుడ్డసంచిలో పెట్టుకొని వచ్చే ముసలమ్మలు ‘సారూ, జర నా మాట ఇనుండ్రి’ అంటూ కథను మొదటినుంచీ చెప్పేవారు. ఎదుటివాళ్ల తొందర వాళ్లకు పట్టేది కాదు, అలాగని వాళ్లలో బెదురూ ఉండేది కాదు. పోలీస్ స్టేషనులో కేటీ జాన్సన్ మాట్లాడే తీరు అచ్చం అదే. గొంతు పెంచరు, చేతులు ఊపరు, ఎదుటివాడు మర్యాదస్తుడేనన్న నమ్మకాన్ని మాత్రం ఒక్క క్షణం కూడా వదలరు. ఆ నమ్మకం ముందే దొంగలు నీళ్లు నములుతారు. ఆమె స్నేహితురాళ్లు టీకి వచ్చినప్పుడు, హత్యకైనా వెనుదీయని ఆ మనుషులు చేతిలో కప్పులతో ఒదిగి కూర్చుంటారు. చివర ఆమె స్టేషనుకు వెళ్లి దోపిడీ సొమ్ము తన దగ్గరే ఉందని ఉన్నదున్నట్టు చెబితే, ఎవరూ నమ్మరు. ఆ చోట ఆమె ముఖంలో కనిపించే చిన్నపాటి అయోమయాన్ని నేను మూడుసార్లు వెనక్కి తిప్పి చూశాను. అరవై ఏళ్లపాటు పక్కన నిలబడి, ఇతరుల మాట వింటూ నటించిన మనిషికే అంత తక్కువతో అంత చెప్పడం చేతనవుతుందని నా నమ్మకం.

ఆ పాత్రకు ఆమె ఉత్తమ బ్రిటిష్ నటిగా, బ్రిటిష్ సినిమా అకాడమీ ఇచ్చే బాఫ్టా పురస్కారం అందుకున్నారు. 1957 మే నెలలో కన్నుమూశారు. ఇప్పుడు ఆమె పాత చిత్రాలు ఒక్కొక్కటిగా వెతుకుతున్నాను. 1941 నాటి ‘జీనీ’తో మొదలుపెట్టాలని ఉంది.