గద్ద ఈకలు ఎప్పుడు, ఎలా మార్చుకుంటుంది?

నలభయ్యో ఏట గద్ద కొండెక్కి, ముక్కును బండకేసి కొట్టుకుని ఊడగొట్టుకుంటుందనీ, గోళ్లూ ఈకలూ పెరికేసుకుని 150 రోజులు అలాగే పడి ఉండి, ఆ తర్వాత మరో ముప్పై ఏళ్లు బతుకుతుందనీ చెప్పే కథ మా శ్రీకాకుళం వాట్సాప్ గ్రూపుల్లో తరచూ తిరుగుతూనే ఉంటుంది. పరీక్షల ముందు పిల్లలకు ధైర్యం నూరిపోసే సభల్లోనూ దీన్ని చెబుతారు. అందులో నిజం లేదు. ముక్కూ గోళ్లూ లేని పక్షి అన్ని నెలలు తిండి లేకుండా బతకలేదు. పైగా అడవిలో 70 ఏళ్లు బతికే గద్ద ఏదీ లేదు. గద్దలూ డేగలూ ఈకలు మార్చుకునే మాట మాత్రం వాస్తవమే. అది జీవితంలో ఒక్కసారి జరిగే తపస్సు కాదు, దాదాపు ఏటా జరిగే పని. చూడటానికి కొండెక్కనక్కరలేదు, ఊరి మామిడి తోట చాలు.

పూర్తిగా పెరిగిన ఈకలో రక్తం ఆడదు, ప్రాణం ఉండదు. మన గోళ్లలో ఉండే కెరాటిన్ వంటి పదార్థంతోనే అదీ తయారవుతుంది కనుక, అరిగినా చిరిగినా తనంతట తాను బాగుపడదు. ఎండకు పెళుసెక్కుతుంది, కొమ్మలకు ఒరుసుకుని అంచులు రాలిపోతాయి. నలుపునిచ్చే మెలనిన్ ఉన్న చోట ఈక కొంత గట్టిగా ఉంటుంది. భావనపాడు, కళింగపట్నం తీరాల్లో తిరిగే గరుడపక్షికి తల, రొమ్ము తెల్లగా, ఒళ్లు ఇటుక రంగులో ఉన్నా, గాలి రాపిడి ఎక్కువగా తగిలే రెక్కల కొసలు నల్లగా ఉండటంలో ఆ ప్రయోజనమూ ఉంది.

బాతులు రెక్కల ఈకలన్నీ ఒకేసారి రాల్చేసి, కొత్తవి వచ్చేదాకా ఎగరకుండా నీళ్లలో దాక్కోగలవు. ఎగిరి వేటాడితే తప్ప పొట్ట నిండని డేగకు ఆ వీలు లేదు. అందుకే అది కొద్ది కొద్దిగా మార్చుకుంటుంది. మన తోటల్లో బల్లులనూ తొండలనూ పట్టే చిన్న డేగ షిక్రా. దాని రెండు రెక్కల కొసవైపునా చెరో పది పెద్ద ఈకలుంటాయి. వాటిలో లోపలి వైపున్నది ముందు రాలుతుంది, అక్కడి నుంచి వరుసగా కొసవైపు సాగుతుంది. కుడి రెక్కలో ఏ ఈక పోతుందో, కొంచెం అటూ ఇటూగా ఎడమ రెక్కలోనూ అదే పోతుంది కాబట్టి పక్షి ఒక పక్కకు ఒరగదు. తోకలోని పన్నెండు ఈకల్లో సాధారణంగా నడిమి జత ముందు కదులుతుంది. బైరి డేగల (పెరెగ్రిన్) వంటి, మొనదేలిన రెక్కలుండే ఫాల్కన్లలో వరుస వేరు: అవి రెక్క మధ్యలో నాలుగో ఈకతో మొదలుపెట్టి, అక్కడి నుంచి రెండు వైపులకూ మారుస్తాయి.

కొత్త ఈక పాతదాన్ని తోసుకుంటూ అదే గుంట నుంచి వస్తుంది. పొట్టకొచ్చిన వరిలో వెన్ను ఆకు తొడుగులోంచి బయటపడినట్టు, నీలిరంగు తొడుగులో చుట్టుకుని ఉన్న మొలక కొస ముందుగా విచ్చుకుంటుంది. మొదలు దగ్గర మాత్రం ఇంకా రక్తం నిండి ఉంటుంది.

ఎప్పుడన్న ప్రశ్నకు జవాబు గూటి దగ్గర దొరుకుతుంది. షిక్రాలు మన దేశంలో ఎక్కువగా మార్చి నుంచి జూన్ లోపు గూడు కడతాయి. ఈ జాతి డేగల్లో పొదిగే భారమంతా దాదాపు ఆడదానిదే. మగడేగ ఆహారం తెచ్చిపెడుతుంటే, తనకు వేటాడే పని లేని ఆ రోజుల్లోనే ఆడది ఈకలు రాల్చడం మొదలుపెడుతుంది. మగది మాత్రం ఆలస్యంగా మొదలుపెడుతుంది, ఎందుకంటే దాని రెక్కల మీదే ఆ కుటుంబమంతా ఆధారపడి ఉంటుంది. ఈ సర్దుబాటు నాకు భలే ముచ్చటగా తోస్తుంది. మొత్తం పని కొన్ని నెలలు పడుతుంది కనుక వానాకాలంలో తోటలో చూసే షిక్రాల రెక్కల్లో ఖాళీలు కనిపించడం మామూలే. గరుడపక్షి సుమారు డిసెంబరు నుంచి ఏప్రిల్ మధ్య గూడు పెడుతుంది కాబట్టి దాని లెక్క వేరుగా నడుస్తుంది. డేగవేట సాగిన కాలంలో సాకేవాళ్లు ఈకలు మార్చుకునే డేగను వేటకు తీయకుండా, బాగా మేపి ప్రశాంతంగా ఉంచేవారు.

షిక్రా పిల్లడేగకు గూట్లో ఈకలన్నీ ఒకేసారి పెరుగుతాయి. రొమ్ము మీద గోధుమరంగు చుక్కలు నిలువుగా జారినట్టుంటాయి. ఏడాది వయసు వచ్చేసరికి మొదటి మార్పు మొదలై, ఆ చుక్కల స్థానంలో పెద్దల సన్నని అడ్డచారలు వస్తాయి. ఆ మధ్యకాలంలో రెండు రకాల గుర్తులూ కలగలిసిన పక్షి కనిపిస్తుంది. పెరిగే రోజుల్లో తిండి సరిగ్గా దొరకకపోతే ఈక మీద సన్నని, బలహీనమైన అడ్డగీత పడుతుంది, తర్వాత అక్కడే విరుగుతుంది. పిల్లడేగ తోక విప్పితే ఆ గీత ఈకలన్నింటి మీదా ఒకే వరుసలో ఉంటుంది. పెద్ద డేగ ఈకలు వేర్వేరు రోజుల్లో పెరిగినవి కనుక, అలా వరుస కుదరదు.

రాబందుల వంటి పెద్ద పక్షులకు ఒక్క ఏడాది చాలదు. వాటి ఈకలు పొడవు, పెరిగే వేగం మాత్రం ఆ మేరకు పెరగదు. అందువల్ల ఒకే రెక్కలో రెండు మూడు ఏళ్ల ఈకలు పక్కపక్కనే ఉంటాయి. ఉత్తర ధ్రువం దగ్గరి చెట్లులేని చలి మైదానాల్లో, అంటే టండ్రాలో, గూడు పెట్టి చలికాలం మన తీరాలకు దిగే బైరి డేగలు కొన్ని ఈకలు అక్కడ మార్చుకుని, ప్రయాణంలో ఆ పని ఆపి, ఇక్కడికి చేరాక మిగతావి పూర్తిచేస్తాయి.

వానల్లో రెక్క చిరిగినట్టున్న డేగ కనిపిస్తే దెబ్బ తగిలిందని పట్టుకోబోయేవారు మన ఊళ్లలో చాలామంది ఉన్నారు. రెండు రెక్కల్లోనూ ఒకే చోట ఖాళీ ఉండి, పక్షి హాయిగా ఎగురుతుంటే అది ఈకల మార్పే, దాని జోలికి పోనక్కరలేదు. ఒక వైపే రెక్క వేలాడుతున్నా, నేల మీద పడి లేవలేకున్నా అటవీశాఖ వారికి కబురు చేయాలి. చేత్తో గట్టిగా పట్టుకుంటే రక్తం నిండిన మొలక ఈకలు విరిగి నెత్తురు కారుతుంది కాబట్టి, వారు వచ్చేదాకా గాలి ఆడే అట్టపెట్టెను మెల్లగా బోర్లించి ఉంచడం మేలు.