కుడికన్ను

మొదట్లో నాకు అనుమానమే రాలేదు. రుషికొండలో పొద్దున్నే ఆరింటికి సర్ఫింగ్ బోర్డుతో సముద్రంలోకి దిగి తొమ్మిదింటికి బయటికొస్తే ఎవరి కళ్ళయినా ఎర్రగానే ఉంటాయి. ఉప్పునీళ్ళు కదా అనుకునేవాణ్ణి. చెన్నై దగ్గర కోవళానికీ, మంగళూరుకీ పోటీలకు వెళ్ళినప్పుడూ అంతే. మందుల షాపులో ఎర్రదనం తగ్గే చుక్కలేవో కొని వేసుకుంటూ పదేళ్ళు గడిపేశాను.

పోటీలు మానేసి కెమెరా పట్టుకున్నాక అసలు సంగతి బయటపడింది. మా జాలరిపేట పడవల మీద డాక్యుమెంటరీ తీస్తున్నాను. వ్యూఫైండర్‌లో కెరటం అంచున నురగ, తడిచెయ్యి తగిలి చెదిరిన ముగ్గులా కనిపించేది. ఫోకస్ కుదిరిందనుకున్న షాట్లు ఎడిటింగ్‌లో చూస్తే సగం మసగ్గా ఉన్నాయి. రెండు లెన్సులు మార్చాను. చివరికి ఓ రోజు ఎడమకన్ను పెట్టి చూస్తే అంతా స్పష్టంగా ఉంది. కాళ్ళలో వణుకొచ్చింది.

టెరీజియం అన్నారు డాక్టరుగారు. కంట్లో కండ పెరిగిందంటారే, అదే. ఎక్కువగా ముక్కువైపు నుంచి తెల్లగుడ్డు మీది పొర రెక్కలా పెరిగి నల్లగుడ్డు మీదికి పాకుతుంది. నల్లగుడ్డు వంపు మారిపోయి చూపు చెదురుతుంది. ఏళ్ళ తరబడి ఎండలోని అతినీలలోహిత కిరణాలు, గాలి, దుమ్ము తగలడం వల్ల వస్తుందట. నీళ్ళ మీద ఉన్నవాడికి ఎండ పైనుంచీ కొడుతుంది, కిందనుంచీ కొడుతుంది. దీనికి ఇంగ్లిషులో సర్ఫర్స్ ఐ అనే పేరే ఉంది. అన్నేళ్ళు బోర్డు మీదున్నా నాకది ఎవరూ చెప్పలేదు. నేను నేర్పిన పిల్లలకి నేనూ చెప్పలేదు. ఆ బాధ ఇప్పటికీ ఉంది.

ఆపరేషన్ అరగంట పైచిలుకు. మత్తు కంటికి మాత్రమే కాబట్టి కత్తెర చప్పుడు కూడా వినిపిస్తుంది. కండ తీసేసి, అదే కంట్లో పైరెప్ప కిందనుంచి పల్చటి పొర తీసి అక్కడ అతికించారు. ఊరికే కోసి వదిలేస్తే మళ్ళీ పెరిగే అవకాశం చాలా ఎక్కువట. మర్నాడు కట్టు విప్పారు. నాలుగు రోజులు రెప్ప వేసినప్పుడల్లా కంట్లో ఇసుక రాసినట్టే ఉంది. ఆ తర్వాత వారాల తరబడి స్టెరాయిడ్ చుక్కలు. అమ్మ ఫోన్లో అలారం పెట్టుకుని వేసేది. సముద్రంలోకి మాత్రం రెండు నెలలు వద్దన్నారు.

కన్ను నెమ్మదించాక పాత షాట్లు ముందేసుకున్నాను. పడవలో వల లాగుతున్న నాన్న క్లోజప్ వచ్చింది. రెండు కళ్ళలోనూ కండ. నాదానికంటే పెద్దది. తీసినప్పుడు నాకది కనపడనే లేదు.

"ముప్పై ఏళ్ళనుంచీ ఉన్నాది గదరా, ఏటవుద్ది?" అన్నాడు నాన్న. వేట మానుకుని ఇంట్లో కూర్చోవాలంటే ససేమిరా అన్నాడు. నెల్లాళ్ళు వెంటపడ్డాను. ఏప్రిల్ 15న వేట నిషేధం మొదలైతే 61 రోజులు మా ఇంజిన్ పడవ ఎలాగూ ఒడ్డునే ఉంటుంది, అప్పుడు ఒక కన్ను చేయించుకుంటానని నిన్న ఒప్పుకున్నాడు. ఏప్రిల్ 20కి డేట్ తీసుకున్నాను. ఈసారి చుక్కలు వేసేది నేనే.