భారతం మిట్ట మీద కెమెరా

తిరుపతి నుంచి రేణిగుంట, వడమాలపేట మీదుగా పుత్తూరు వైపు వెళ్తుంటే ఎండాకాలంలో గోడల మీద ఒకే తీరు పోస్టర్లు: ద్రౌపదీ సమేత ధర్మరాజుల గుడి, భారత మహోత్సవాలు, పగలు హరికథ, రాత్రి నాటకం. చాలా ఊళ్లలో ఇది 18 రోజుల పండగ. 1911లో చిత్తూరు జిల్లా ఏర్పడేదాకా ఈ ప్రాంతం ఉత్తర ఆర్కాడులో ఉండేది. ఇక్కడి వీధినాటకానికి తమిళుల తెరుక్కూత్తుతో చుట్టరికం కనిపించేది అందుకే.

ఆటపాటల మీద బతికేవాళ్ల గురించి డాక్యుమెంటరీలు తీస్తాను. ఇంటర్వ్యూలు ఉండవు, వెనక నుంచి వ్యాఖ్యానం ఉండదు, లైట్లు వేయను. ఓ మూల నిలబడి జరిగేది జరిగినట్టు పట్టుకోవడమే.

ఈసారి అట్లాంటి ఒక ఊళ్లో, ఈ ఆటలు ఆడే మెరక మీద, అంటే భారతం మిట్ట మీద, కెమెరా పెట్టాను. మధ్యాహ్నం పందిట్లో హరికథ. వంటా వార్పూ ముగించుకున్న ఆడవాళ్లే ఎక్కువ. పగలు విన్న ఘట్టాన్నే రాత్రి ఆడతారు కాబట్టి కథ అందరికీ తెలుసు. ఎట్లా ఆడతారన్నదే ఆ రాత్రి ముచ్చట.

అర్జునుడి వేషగాడి పక్కనే చాలాసేపు కూర్చున్నాను. ఎడమచేతిలో చిన్న అద్దం, కుడిచేతిలో సన్నటి పుల్ల. కొబ్బరినూనెలో కలిపిన రంగుతో కనుబొమలు దిద్దుకున్నాడు. చెక్క భుజకీర్తులు కట్టాక మరొకరు వెనక నిలబడి కిరీటం తాడు బిగించారు. అప్పటిదాకా 'మామా' అంటూ మీద పడుతున్న పిల్లోడు 'సామీ, నీళ్లు' అని దూరం నుంచే చెంబు అందించాడు. మైకు దగ్గర్లోనే ఉంది, ఆ మాట శుభ్రంగా రికార్డయింది.

శివుడి కోసం తపస్సు చేసే ఘట్టంలో అర్జునుడు ఎక్కే పొడవాటి మానే తపస్సు మాను. దాని కింద, తడిబట్టలతో, పిల్లలు లేని ఆడవాళ్లు సంతానం కోరుతూ సాష్టాంగపడి ఉన్నారు. తీయొచ్చా అని ఒక పెద్దామెను అడిగాను.

"తీసుకో నైనా. ఆ ఆడబిడ్డల మొగాలు మాత్రం వొద్దు."

వాళ్ల వెనక్కి పోయి నిలబడ్డాను. అర్జునుడు ఒక్కో మెట్టుకూ ఒక పద్యం పాడుతూ పైకెక్కాడు. హార్మోనియం ఎక్కడా తొందరపెట్టలేదు. చివరికి పైనుంచి విభూది, నిమ్మకాయలు విసిరాడు. నా ఫ్రేములో చాచిన కొంగులు, వాటి మీదికి రాలే నిమ్మకాయలు. ఒకామె కొంగులో పడ్డ కాయను పిడికిట్లో బిగించి అట్లాగే పడుకుండిపోయింది. ఇక్కడ చూసేవాళ్లు, ఆడేవాళ్లు అని రెండు జట్లు లేవని నాకు గట్టిగా అనిపించింది అప్పుడే.

చివరిరోజు దుర్యోధన వధ, ఆపైన అగ్నిగుండం. పడుకోబెట్టిన పెద్ద మట్టి దుర్యోధనుడు, గదతో భీముడు, జుట్టు ముడేసుకునే ద్రౌపది. వందల ఫోన్లు పైకి లేచాయి. అవి బాగానే పట్టుకుంటాయి, నేను కొంచెమే తీశాను.

సినిమాకు గుండె తపస్సు మానే. ఎడిటింగ్‌లో దాన్ని ఎక్కడా తెగ్గొట్టను. మొదటి మెట్టు నుంచి ఆఖరి నిమ్మకాయ దాకా పద్యాలన్నీ పూర్తిగా వినిపిస్తాయి. ముందు ఈ ఊరి మిట్ట మీదే తెర కట్టి చూపిస్తాను.