చచ్చిన చెట్టు ఎవరిది

"మీ దేశంలో చచ్చిన చెట్టును నిలబడనివ్వరంట కదా, అంతా పొయ్యిలోకే పోతుందంట కదా?"

కాఫీ బ్రేకులో మా టీం పెద్దాయన అడిగిన మాట ఇది. వెటకారంగా అడగలేదు, ఎక్కడో టీవీలో చూసినట్టున్నాడు, నిజమేనా అన్నట్టు నా మొహంలోకి చూశాడు. మంచి మనిషి. మొదటి వారం నా బూట్లలో నీళ్లు పోతుంటే ఇంటి నుంచి తన భార్య బూట్లు తెచ్చిచ్చినవాడు. అందుకే గట్టిగా ఏమీ అనలేక "చాలావరకు అంతే" అని నవ్వేసి కప్పు కడుక్కోడానికి లేచాను (ఇక్కడ ఎవరి కప్పు వాళ్లే కడుక్కోవాలి, మేనేజరైనా సరే). కానీ ఆ మాట బస్సులో వస్తుంటే గుచ్చింది, రాత్రి చారన్నం కలుపుకుంటుంటే గుచ్చింది, ఇప్పటికీ పోలేదు. ఆయనకు స్వీడిష్‌లో ఇంత చెప్పే శక్తి నాకు లేదు కాబట్టి మీకు చెబుతున్నా.

మాది చంద్రగిరి దగ్గర పల్లె. తిరుపతిలో జువాలజీ ఎమ్మెస్సీ చేసి, మా ఆయన సాఫ్ట్‌వేర్ ఉద్యోగం పుణ్యమా అని స్వీడన్‌లో లిన్‌షోపింగ్ అనే ఊరికొచ్చి పడ్డాను. చాన్నాళ్లు ఇంట్లోనే కూర్చుని, చివరికి దొరికిన పని ఇది: వేసవిలో పురుగుల సర్వే. ఊరికి దక్షిణంగా పాత ఓక్ చెట్లున్న పచ్చిక బయళ్లు చాలా ఉన్నాయి. ఆ చెట్ల తొర్రల్లో, పుచ్చిన చెక్కపొడిలో అంచుదాకా పాతిన ప్లాస్టిక్ కప్పులు ఉంటాయి. కొన్ని తొర్రల ముందు అద్దంలాంటి ప్లాస్టిక్ పలక వేలాడుతుంది, ఎగురుతూ వచ్చిన పురుగు దానికి గుద్దుకుని కింద ట్రేలో పడుతుంది. అవి ఖాళీ చేసి, సీసాల్లో పోసి, లేబుల్ రాయడం నా పని. దోమలు, గడ్డిలో పిడుదులు, వెనకాలే నడిచొచ్చే ఆవులు. ఆవుల విషయంలో మాత్రం టీంలో నేనే సీనియర్‌ని, మిగతావాళ్లు కంచె దూకుతారు.

మేం ముఖ్యంగా వెతికేది హెర్మిట్ బీటిల్ అనే పెంకు పురుగు కోసం. ముదురు గోధుమ రంగు, మూడు సెంటీమీటర్ల దాకా ఉంటుంది, చూడ్డానికి మన పేడపురుగు కంటే గొప్పగా ఏమీ ఉండదు. దాని పిల్లపురుగు తొర్రలోని ఆ పుచ్చు పొడి తింటూ మూడు నాలుగేళ్లు అక్కడే పెరుగుతుంది. మగపురుగు తొర్ర వాకిట్లో కూర్చుని పండిన పీచ్ పండులాంటి వాసన వదులుతుంది, ఆడపురుగు ఆ వాసన పట్టుకుని వస్తుంది. గాలి ఇటు తిరిగితే మనకూ తెలుస్తుంది. నాకైతే సీజన్లో దామలచెరువు మామిడి మండీ పక్కన బస్సు ఆగినట్టుంటుంది. పాపం అదే వాసన పట్టుకుని దాని పిల్లల్ని తినే ఇంకో ఎర్రటి పురుగు కూడా వస్తుంది. సర్వే చేసేవాళ్లు ఆ వాసనను ల్యాబులో తయారుచేసి ట్రాపుల్లో ఎరగా వాడుతున్నారు.

దీని కష్టమేంటంటే ఇల్లు వదలదు. రెక్కలుండి కూడా, నూటికి 15 పురుగులు మాత్రమే పుట్టిన చెట్టును విడిచి వేరే చెట్టుకు పోతాయని ఇక్కడి పరిశోధకులు లెక్క తేల్చారు. పోయినా ఎక్కువ దూరం పోవు. మరి పక్కన ఇంకో తొర్ర చెట్టు ఉండాలి కదా? ఓక్ చెట్టుకు తొర్ర పడాలంటే తొందరేం లేదు దానికి, 200 నుంచి 300 ఏళ్ల వయసొచ్చేసరికి సగం చెట్లకే పడుతుంది. ఉన్న ముసలి చెట్టు కూలిపోయి, తర్వాతి చెట్టు ఇంకా పడుచుగా ఉంటే మధ్యలో ఆ పురుగు వంశం ఆగిపోయినట్టే. అంతరించిపోయే జీవుల లెక్కలు కట్టే ఐయూసీఎన్ అనే అంతర్జాతీయ సంస్థ 2018లో యూరప్‌లో చచ్చిన చెక్క మీద బతికే పెంకు పురుగులు 700 రకాల దాకా చూస్తే, వాటిలో దాదాపు 18 శాతం అంతరించే ప్రమాదంలో ఉన్నాయని తేలింది. ఈ హెర్మిట్ బీటిల్‌నైతే కాపాడాలని యూరప్ 1992లోనే చట్టంలో రాసి పెట్టుకుంది.

ఇదంతా చూసి మెచ్చుకోకుండా ఉండలేం. కూలిన కొమ్మను కూలినచోటే వదిలేస్తారు. పార్కులో పెద్ద చెట్టు ప్రమాదంగా ఉంటే కొమ్మలు కొట్టేసి మొండాన్ని అట్లే నిలబెడతారు. తొర్ర చెట్లు తక్కువున్నచోట చెక్కపెట్టెలు కట్టి, ఓక్ రంపపుపొడి, ఆకులు, ఎండుగడ్డి నింపి చెట్లకు తగిలించి చూశారు. పక్షులు గూడు పెట్టే తొర్రలో రెట్టలు, కళేబరాలు ఉంటాయి కాబట్టి కొన్ని పెట్టెల్లో కోడిపెంట, కొన్నింట్లో ఏకంగా చచ్చిన కోడి. తొర్రల్లో ఉండే చాలా రకాల పురుగులు ఆ పెట్టెల్లోకీ వచ్చాయి. అమ్మకు ఫోన్లో చెబితే "కోడిని పురుక్కేశారా!" అని కాసేపు ఇంకేం మాట్లాడలేదు.

సరే, మెచ్చుకున్నాను. ఇప్పుడు పొయ్యి సంగతి.

మా ఊళ్లో ఎండుకొమ్మ నేల మీద ఒక పూట ఉండదు, నిజమే. మా అవ్వ తెల్లారకముందే ఇంకో నలుగురితో కలిసి కొండ కిందికి పోయి కట్టెల మోపు నెత్తిన పెట్టుకుని వచ్చేది. ఆ కట్టెలతోనే ఇంట్లో సంగటి ఉడికింది, నాకు చదువుకునే వయసొచ్చింది. ఆమె తెచ్చిన ప్రతి మోపులో ఎన్ని పురుగుల ఇళ్లున్నాయో అని ఇప్పుడు నా జువాలజీ బుర్ర లెక్కలేస్తుంది, ఆ లెక్క మీద నాకే చిరాకేస్తుంది. ఇక్కడ ఇంట్లో గోడకున్న పలకలో వేడినీళ్లు పారుతుంటాయి, ఊరి చెత్త కాల్చే ప్లాంటు నుంచి పైపుల్లో వస్తాయి, ఎవరూ మోపు మోయరు. అలాంటి ఇంట్లో కూర్చుని చెట్టును కుళ్లనివ్వడం ఎంతసేపు?

అసలు వీళ్లు కాల్చరా? అడవి నరికాక మిగిలిన కొమ్మలూ రెమ్మలూ గుట్టలు పోసి, పొడి కొట్టి, వేడి ప్లాంట్లకు తోలతారు. ఓక్ కొమ్మల గుట్ట వేసవంతా ఎండలో ఉంటే, పెంకు పురుగులు మంచి చోటు దొరికిందని వచ్చి అందులో గుడ్లు పెడతాయి, తర్వాత గుట్టతో పాటు అవీ బాయిలర్లోకి పోతాయి. ఇది నేను కడుపుమంటతో చెప్పడం లేదు, ఇక్కడివాళ్లే పరిశోధించి రాసుకున్న సంగతి. మా అవ్వ పొయ్యికి పొగ కనబడుతుంది, దీనికి కనబడదు, అంతే తేడా.

ఇంకో సంగతి తెలిశాక నాకు నవ్వొచ్చింది. 1558లో గుస్తావ్ వాసా అనే రాజు దేశంలో రైతుల భూముల్లోని ఓక్ చెట్లన్నీ రాజ్యానివే అన్నాడు, యుద్ధ ఓడలకు కావాలని. పొలం నీది, చెట్టు రాజుది, నీడ నీ పైరు మీద, నరికితే శిక్ష నీకు. రైతులు ఆ చెట్టును ఎంత అసహ్యించుకున్నారంటే మొలకలు కనిపిస్తే గుట్టుగా పీకేసేవాళ్లంట. 1830లో రైతులకు హక్కు వచ్చింది, ఇక కసితీరా నరికారు. జమీందార్ల ఎస్టేట్లలో మిగిలినవే ఇప్పుడు నేను ట్రాపులు పెట్టే చెట్లు చాలావరకు.

తిరుపతి వాళ్లకు ఈ కథ ఇంకా విడమరిచి చెప్పాలా? ఎర్రచందనం మాను మీద చెయ్యేస్తే ఏమవుతుందో మనకు తెలుసు. దుంగలు డిపోల్లో పేర్చి ఉంటాయి, స్మగ్లర్లు సంపాదిస్తారు, 2015 ఏప్రిల్‌లో శేషాచలంలో కాల్పుల్లో పోయిన ఇరవైమంది మాత్రం కూలికొచ్చినవాళ్లు. చెట్టు విలువ పెరిగేకొద్దీ దాని పక్కన బతికేవాడికి అది గండమవుతుంది, ఓక్ అయినా చందనమైనా.

మర్నాడు పెద్దాయనకు ఒక్క ముక్క మాత్రం చెప్పాను. అడవుల రక్షణ మీద నడిచిన గోదావర్మన్ కేసులో మా సుప్రీంకోర్టు 2000 ఫిబ్రవరి 14న నేషనల్ పార్కుల్లో, అభయారణ్యాల్లో చచ్చిన, చచ్చిపోతున్న, గాలికి పడిపోయిన చెట్లను కూడా తీయొద్దని ఆర్డరిచ్చింది అని. ఆయన నిజంగా ఆశ్చర్యపోయాడు, నోట్‌బుక్‌లో రాసుకున్నాడు. నాకు ఆ రోజంతా కాలర్ ఎగరేసినంత సంబరం. అయితే మా ఊరి పైన కొండ 1989 నుంచి నేషనల్ పార్కు. అంటే ఈ చట్టమే మా అవ్వలాంటివాళ్ల చేతిలో కొడవలి లాక్కున్న చట్టం కూడా. వాచర్ కేకేస్తే మోపు పడేసి పరిగెత్తిన ఆడవాళ్ల కథలు వింటూ పెరిగినదాన్ని, అదే ఆర్డరును ఇక్కడ గొప్పగా చెప్పుకున్నాను. ఈ ముక్క పెద్దాయనకు చెప్పలేదు.

ఇక మా నాయన సంగతి. ఆయన లెక్కలో చెట్టులో ఉన్న ప్రతి పురుగూ శత్రువే. మామిడి మానును తొలిచే పురుగుతో ఆయన జన్మంతా యుద్ధం చేశాడు, రంధ్రంలోకి కమ్మీ దూర్చి లాగడం, మందులో ముంచిన దూది కుక్కి మట్టితో మూయడం. అది బతికున్న చెట్టును తినేది నాయనా, నేను ఏరేది చచ్చిన చెక్క తినేది, రెండూ వేరు అంటే "పురుగు పురుగే" అంటాడు. ఈమధ్య మా గట్టు మీదున్న ముసలి చింతమాను సగం ఎండిపోయింది, ఇటుకల బట్టీ వాళ్లు బేరానికొచ్చారు. దాన్ని అట్లే వదిలేయమని ఫోన్లో బతిమాలాను.

"వదిలేస్తే? ఆ పురుగేమన్నా బాడుగిస్తుందా పాపా?"

ఇక్కడ ఇస్తుంది. అదే ఆయనకు చెప్పాను. ఓక్ చెట్ల మధ్య అడవి కమ్ముకుంటే నీడకు ముసలి చెట్లు చచ్చిపోతాయి కాబట్టి ఆవులు మేస్తూనే ఉండాలి. అందుకని అలాంటి బయళ్లలో పశువుల్ని మేపే రైతుకు యూరోపియన్ యూనియన్ వ్యవసాయ నిధుల నుంచి డబ్బులొస్తాయి. ఆవులు మేపితే డబ్బులా అని రెండుసార్లు అడిగి, "అట్లయితే మనోళ్లూ ఆపుతారులే చెట్లు" అన్నాడు. వాదన అక్కడికి ఆగింది.

పోయిన వారం బట్టీ వాళ్లు వచ్చి కొమ్మలు కొట్టుకుపోయారంట. మాను మాత్రం ముట్టుకోలేదు. లోపలంతా బోలు, కాటాలో బరువు తూగదు, రంపం కూలి కూడా గిట్టదని వదిలేశారని నాయన చెప్పాడు. అందులో ఇంకా చిలకలున్నాయా అని అడిగితే, ఉన్నాయి, పొద్దున్నే ఒకటే గోల అన్నాడు.